మట్టి కింద పెద్దమనిషి

"తవ్వి చూద్దాం," అన్నారు పెద్దసారు, చొక్కా చేతులు పైకి మడుచుకుంటూ.

కప్పలక్క చటుక్కున ఒక అడుగు ముందుకేసింది. ఎదురుగా గాజుపెట్టె, అందులో మోకాలి లోతు తడిమట్టి. ఆ మట్టిలో ఎక్కడో, వానలు ఎడతెగని కొండ అడవి నుంచి తెచ్చిన బొరియకప్ప ఉండాలి. ఏడాదంతా నేల కింద చెదలు తింటూ బతికి, తొలకరికి మాత్రం పైకొచ్చే జాతి అది. నల్లగా, గుండ్రంగా, ముందుకు పొడుచుకొచ్చిన మూతితో ఎప్పుడూ ఎవరిమీదో అలిగినట్టుండే ఆ జీవిని ఆ పరిశోధనశాలలో అందరూ పెద్దమనిషి అనేవారు. దాన్ని సాకుతున్నందుకు ఆమె కప్పలక్క అయింది.

"తవ్వితే సొరంగం కూలుతుంది సార్. ఊపిరాడక పోతుంది," అందామె మెల్లగా.

తవ్వకూడదన్న నియమం పెట్టింది పెద్దసారే. కంటికి కనబడదు కనుక, అరుపు వినిపిస్తే బతికున్నట్టు. ఆ అరుపు వినిపించి చాలా రోజులైంది.

తప్పు ఆమెదే. పెట్టె శుభ్రం చేసేటప్పుడు నీటితుంపర కుళాయి కట్టేసింది. ఇంతలో పాపకు జ్వరమని కబురొస్తే మళ్లీ తిప్పడం మరిచి ఇంటికి పరుగెత్తింది. తిరిగొచ్చేసరికి మట్టి బీటలిచ్చి ఉంది. ఎవరికీ చెప్పకుండా తడిపింది కానీ, ఆ తర్వాత పెట్టె కిక్కురుమనలేదు. వాళ్ల దగ్గర ఆ జాతిది అదొక్కటే. అన్నం ముద్ద కలిపినా ఆమెకు ఆ బీటలే గుర్తొచ్చేవి.

చివరికి, ఫోన్లు బాగుచేసే మొగుడి దగ్గర కూర్చుని ఏడ్చింది. అతను తిట్టలేదు. పరిశోధనశాలలో రికార్డు చేసి ఉంచిన పెద్దమనిషి పాత అరుపును తన ఫోన్లోకి ఎక్కించుకుని, తీగ లేని గోలీకాయంత స్పీకరు ఆమె చేతిలో పెట్టాడు. దాన్ని పెట్టెలో కిటికీ వైపు మూలన పాతిపెట్టమంటే, అలాగే పాతింది. ఫోన్లన్నీ గది బయట బుట్టలో వదిలి రావాలి కనుక, పెద్దసారు చూడటానికొచ్చే రోజు తానే వచ్చి కిటికీ వెనక నిలబడతానన్నాడు.

"నువ్వు రెండుసార్లు దగ్గు, చాలు. మిగతాది నాకొదిలెయ్," అన్నాడు.

పొద్దున బస్సెక్కానని మెసేజ్ కూడా పెట్టాడు.

"నిజం చెప్పమ్మా, అది బతికే ఉందా?" అడిగారు పెద్దసారు.

"ఉంది సార్," అంది. కళ్లు మాత్రం మట్టి మీదే ఉంచింది.

ఆయన నిట్టూర్చారు. పోయి ఉంటే కుళ్లకముందే తీసి భద్రం చేయాలన్నారు. ఆయన వేళ్లు మట్టిలో దిగాయి. కిటికీ వైపు మూలనే.

కప్పలక్క రెండుసార్లు దగ్గింది. ఏమీ లేదు. మళ్లీ దగ్గింది. కిటికీ అద్దమంతా ఆవిరి పట్టి ఉంది, బయట మనిషున్నాడో లేడో తెలియదు. మొగుడు టీకొట్టు దగ్గర కబుర్లలో పడ్డాడేమోనని ఏడుపొచ్చింది. పెద్దసారు మణికట్టు దాకా మట్టిలో ఉన్నారు. నీళ్లు తాగి రమ్మన్నారు ఆమెను. వద్దన్నట్టు తల ఊపింది. మూడోసారి గట్టిగా దగ్గింది.

అప్పుడొచ్చింది అరుపు. పొదిగే కోడి గొణిగినట్టు, మట్టి అడుగు నుంచి.

పెద్దసారు చెయ్యి ఆగిపోయింది. "ఇక్కడ కాదే. తలుపు వైపు మూల నుంచి వస్తోంది."

"గాజుపెట్టె కదా సార్, చప్పుడు ఎటైనా తిరుగుతుంది," అంది చెమటలు తుడుచుకుంటూ.

అరుపు ఆగలేదు. ఒక్కసారి చాలని మొగుడికి ముందే చిలక్కి చెప్పినట్టు చెప్పింది. ఈ మనిషికి ఏదైనా అతేనని లోలోపల పళ్లు నూరుకుంది.

పెద్దసారు మట్టిని నెమ్మదిగా సర్ది చెయ్యి తీశారు. ఆయన కళ్లు చెమర్చాయి. "గొంతు కాస్త బొంగురుపోయింది పెద్దమనిషికి. పోనీలే, ఉన్నాడు. నిన్ను అనుమానించానమ్మా, ఏమనుకోకు."

ఆ మాటకు సిగ్గుతో ఆమె తల ఎత్తలేకపోయింది. ఆయన వెళ్లగానే బుట్టలోంచి ఫోన్ తీసి, వరండా చివరకు పోయి మొగుడికి కలిపింది.

"ఆపకుండా అంతసేపు మోగిస్తారా? ఆ బొంగురు గొంతేమిటి? నా ప్రాణాలు పోయాయనుకోండి," అంది.

అవతల హారన్ల మోత.

"బస్సు చెడిపోయి ఇంకా దారిలోనే ఉన్నానే."