బోరు పక్కన చెత్త

"ఈడే పోసెయ్!" కళ్యాణదుర్గం రోడ్డు పక్కనున్న తన వేరుశనగ చేను వైపే చేయి చూపించాడు వీరేష్.

చెత్త నిండిన టిప్పరును ఆపాడు డ్రైవర్ ఇమాంసాబ్. "మన చేన్లోనా? ఆలోచించుకో అన్నా."

"ఏం ఆలోచించేది? ఊరి చెత్త ఎత్తే కాంట్రాక్టు నాది. మన డంపింగ్ యార్డుకేమో పొద్దున ఆఫీసరొచ్చి సీలేసి పోయినాడు. కుళ్లు నీళ్లు దిగకుండా గుంత అడుగున ప్లాస్టిక్ షీటు పరచలేదంట! ఇంగ చెత్తకు పరుపులు ఎయ్యల్ల మనం! యార్డు పక్కచేను హనుమంతమ్మే కంప్లైంటు ఇచ్చింటాది. నువ్వు పొయ్యప్పా!"

పొద్దుటి నుంచి అతని కాలు ఒకచోట నిలవడం లేదు. ఊళ్లో ఇంకో రెండు బండ్లు నిండి ఎదురుచూస్తున్నాయి.

టిప్పరు వెనక్కి వచ్చింది. తొట్టి మెల్లగా పైకి లేచింది. కుళ్లు వాసన గుప్పుమంది.

"ఆపు! ఆపప్పా!" వీరేష్ బండి దగ్గరికి ఉరికాడు. "బోరు ఈడే ఉండాది. వాన పడితే కుళ్లు నీళ్లన్నీ దాంట్లోకే దిగుతాయి. నా బిడ్డలు తాగే నీళ్లు!"

పోయిన వానాకాలంలో హనుమంతమ్మ యార్డు గేటు పట్టుకుని మొత్తుకున్నవి ఇవే మాటలు. తాను నవ్వి, బండిని లోపలికి తోలించాడు.

ఇమాంసాబ్ తొట్టి దించాడు. "మరి యాడ పోయల్లన్నా?"

"షీటు పరిపించేదాకా యాడా పోసేది లేదు. బండి ఈడే ఉండనీ. నేను హనుమంతమ్మ ఇంటికి పోయొస్తా."

"కొట్లాటకా?"

"కాదు." వీరేష్ బైకు తాళం కోసం జేబులు తడుముకున్నాడు. "ఆయమ్మ తాగే నీళ్లు యాడ నుంచి తెచ్చుకుంటాందో అడగల్ల."