ఊపిరి చప్పుడు

"అక్కా, మ్యూజిక్ ట్రాక్ వదలనా?" రికార్డింగ్ గది అద్దం అవతల నుంచి తమ్ముడు మూడోసారి అడిగాడు.

గొంతు ఆపరేషనయ్యాక అక్క దేవుడి పాట రికార్డు చెయ్యడం ఇదే మొదలు. పాట రాకపోతే ఇక తనెవరు?

కళ్లు మూసుకుని రెండు చరణాలు పాడింది. స్వరం నిలబడింది గానీ, మధ్యలో ఊపిరి పాములా బుస్సుమంది.

"ఆ ఊపిరి కోసెయ్యరా," అంది బెదిరిపోయి. ఎవరు పాడినా రికార్డులో ఊపిరి వినబడకుండా కోసెయ్యడం వాడికి నేర్పింది తనే.

తమ్ముడి పక్కన కూర్చున్న అమ్మ మైకు మీదకి వంగింది. "ఆపరేషన్ గది బయట నాలుగు గంటలు ఆ చప్పుడు కోసమేగా నేను దేవుడి ప్రాణం తోడేసింది. అడిగి తెచ్చుకున్నదాన్ని కోసి పారేస్తారటే?"

అక్క మళ్లీ మైకు దగ్గరికి జరిగింది.

"ట్రాక్ మొదట్నుంచి వదలరా," అంది. "ఏదీ కొయ్యకు."