డెబ్బై పైసల వడ్డీ

"సేపలమ్మా... సేపలూ!"

కేక సరిగ్గా తమ గేటు ముందే ఆగేసరికి సుమశ్రీ గుమ్మంలోకి పరుగెత్తుకొచ్చింది.

ఈ ఇంట్లో చేరి వారం కాలేదు. గుడ్డు కూడా లోపలికి రాని ఇల్లు వాళ్ళది. ఆ ఇంటి ముందు చేపల తట్టా!

"మేం తినమమ్మా. ముందుకెళ్ళు."

"తెలుసు తల్లీ. బోణీ కోసం వచ్చేను. సేతిలో ఏటైనా పెట్టు, సాలు."

బోణీ అనేసరికి సుమశ్రీ మెత్తబడింది. అనకాపల్లి బెల్లం మార్కెట్లో కొట్టున్న ఇంటి కోడలు, బోణీ అడిగిన మనిషిని ఉత్తచేతులతో ఎలా పంపుతుంది? చిన్న బెల్లం ముక్క తెచ్చి ఇచ్చింది.

ముసలామె దాన్ని నోట్లో వేసుకుంది. తట్ట గేటు దగ్గరే వదిలి, మెట్టెక్కి, వంగి గడపను తాకి కళ్ళకద్దుకుని వెళ్ళిపోయింది.

ఆమె పేరు కొర్లమ్మ. ఊరు పూడిమడక. ఒక్క చేపా అమ్ముడుపోని ఆ వీధికి ఆ రోజు నుంచీ పొద్దున్నే వచ్చేది. బెల్లం ముక్క, గడపకో దణ్ణం. అంతే.

"మతి చలించిందేమో పాపం" అన్నాడు సుమశ్రీ భర్త శ్రీహరి.

అతని మతి మాత్రం చురుకే. ఎవరో వేలంలో పాడుకుని మళ్ళీ అమ్మిన ఈ ఇంటిని, ముప్పై లక్షలు బ్యాంకు లోను పెట్టి కొన్నాడు. ఎనిమిదిన్నర శాతం అనగానే మార్కెట్ బుర్ర చకచకా లెక్క కట్టింది. నెలకు నూటికి డెబ్బై పైసలు! రెండు రూపాయల వడ్డీకి డబ్బు తిప్పే వ్యాపారికి అది అప్పులాగే కనబడలేదు. ఇంత చవక సొమ్మును తొందరపడి తీర్చడం తెలివితక్కువని, ఏకంగా ఇరవై అయిదేళ్ళు రాయించాడు.

ఏడాది గడిచింది. బెల్లం సీజన్ బాగా నడిచి, లక్ష రూపాయలు మిగిలాయి.

"ముందు ఈ గడప మార్పించండీ" అంది సుమశ్రీ.

ఆ గడప ఆమెకి మొదట్నుంచీ నచ్చలేదు. నల్లటి చెక్క, ఒక పక్క వంపు, ఒంటినిండా పాత మేకుల చిల్లులు. ప్రతి శుక్రవారం రాసిన పసుపంతా ఆ చిల్లుల్లోకే పోయేది.

మర్నాడు శ్రీహరి టేపు పెట్టి కొలుస్తుంటే కొర్లమ్మ వచ్చింది.

"ఏటి బాబూ, కొలుత్తన్నారు?"

"ఇది పీకించి టేకుది పెట్టిస్తన్నాం."

కొర్లమ్మ గడపకేసి చాలాసేపు చూసింది.

"ఇల్లు లోను మీద కొన్నారా బాబూ?"

"ఆఁ. డెబ్బై పైసల వడ్డీ!"

"ఎన్నేళ్ళు?"

"ఇరవై అయిదు."

"వడ్డీ సవకే బాబూ. ఏళ్ళే కరీదు" అంది కొర్లమ్మ. "ఏడాదిగా కడతన్నారు గదా, అసలెంత తగ్గిందో ఎప్పుడైనా అడిగేరా?"

శ్రీహరి నవ్వాడు. "చేపలమ్ముకునేదానివి, నీకేటి తెలుసు లోన్ల గురించి?"

"నాకేటీ తెలీదు బాబూ. సేతిలో డబ్బుంటే అసల్లోకి కట్టీండి. అసల్లోకే అని కాయితం రాసిచ్చి మరీ కట్టండి."

గడప మాట మళ్ళీ ఎత్తలేదు. దాన్ని తాకి, ఆ వేళ కాస్త ఎక్కువసేపే తాకి, వెళ్ళిపోయింది.

ఆ ముసలిదాని మాట అబద్ధమని తేల్చడానికే శ్రీహరి బ్యాంకుకి వెళ్ళాడు.

ఏడాదిలో కట్టింది రెండు లక్షల తొంభై వేలు. అసల్లో తగ్గింది ముప్పై ఆరు వేలు. ఇరవై అయిదేళ్ళకి మొత్తం కట్టాల్సింది డెబ్బై రెండున్నర లక్షలు. ఆఖరి కంతు కట్టేనాటికి తనకి అరవై మూడేళ్ళు.

కుర్చీ కౌంటర్ దగ్గరికి లాక్కున్నాడు.

"ఇప్పుడు లక్ష అసల్లోకి కడితే?"

"ఇరవై ఎనిమిది నెలలు తగ్గుతాయండీ" అంది కౌంటర్లో అమ్మాయి.

శ్రీహరి కాగితం రాసిచ్చి మరీ కట్టాడు. టేకు గడప ఊసు అంతటితో పోయింది.

ఈ సంగతి కొర్లమ్మకి చెప్పాలని సుమశ్రీ ఒక పెద్ద బెల్లం దిమ్మ తీసి పెట్టింది.

మర్నాడు కొర్లమ్మ రాలేదు.

ఆ మర్నాడూ రాలేదు. ఏ వీధిలో చేపల కేక వినబడినా సుమశ్రీ గేటు దాకా వెళ్ళి చూసేది. చేపల వాసన కోసం ఎదురుచూసే రోజొస్తుందని ఆమె ఎన్నడూ అనుకోలేదు. పొద్దున్నే ఆ గొంతు లేక ఇల్లు బోసిగా ఉంది. వారం పోయింది. నెల పోయింది. గిన్నెలో బెల్లం చెమ్మగిల్లింది.

ఒక శుక్రవారం గడపకి పసుపు రాస్తుంటే గేటు చప్పుడైంది. అదే తట్ట. మోస్తున్నది వేరే మనిషి.

"బోణీ తల్లీ."

"కొర్లమ్మ ఏదీ?"

"మాయమ్మ పోయింది తల్లీ, జొరమొచ్చి. నేను కూతుర్ని, సిట్టిని. ఈ ఇంటికాడే బోణీ సెయ్యమని సెప్పి పోయింది."

చిట్టి మెట్టెక్కి, గడప ముందు చతికిలబడి, రెండు చేతులా దాన్ని తడిమింది. "పీకించలేదు గదా! దీని మీదే బెంగెట్టుకుంది."

"ఈ గడప మీద బెంగేటమ్మా?" అంది సుమశ్రీ.

"మా అయ్య పడవ సెక్క ఇది. ఈ ఇంటికి అడ్వాన్సు కట్టడానికి పడవమ్మేసేడు. ఒక్క సెక్క ఉంచుకుని గడప సేయించేడు. పదకొండేళ్ళు కట్టేం తల్లీ. అయ్య పోయేక మూడు కంతులు తప్పితే జప్తు సేసేసేరు."

సుమశ్రీ పసుపు చెయ్యి గడప మీదే ఆగిపోయింది.

ఏడాది పొడుగునా బెల్లం ముక్క చేతిలో పెట్టి, గుమ్మంలోంచే తను పంపేసింది ఈ ఇంటి ఇల్లాలిని.