గులాబీల హత్య

తెల్లారి చూసేసరికి కామాక్షయ్య పెరట్లో పన్నెండు గులాబీ మొక్కలూ మాడి చచ్చి ఉన్నాయి.

సర్వీసంతా ఒక్క దొంగనైనా పట్టని ఆ రిటైర్డు హెడ్ కానిస్టేబులు, తోటమాలి ఓబులేసు జబ్బ మాత్రం వెంటనే పట్టుకున్నాడు.

"ఏం విషం పోసినావురా? నిజం చెప్పు, లేకుంటే పనిలోంచి పో!"

"చేపల ఎరువు తప్ప నేనింకేం వెయ్యలేదయ్యా."

ఓబులేసు మొక్క మొదట్లో మట్టి తీసి నలిపి, వాసన చూశాడు.

"విషం కాదయ్యా, సీమ ఎరువు, అదే యూరియా. చెంచాడు చాలు. ఎవురో చేరెడేసి, నీళ్లు గూడా పెట్టలా."

కామాక్షయ్య పట్టు సడలింది.

"ఎవురై ఉంటారయ్యా?"

"నీ తప్పేం లేదురా. చేరెడు కాదు, దోసెడు. చెంచాడుకు ఒక పువ్వు పూస్తే దోసెడుకు బుట్టెడు పూస్తాయనుకున్నా. నిన్న సాయంత్రం నేనే వేసినా."