కత్తెర ఎవరిది?

“ఎక్స్‌రే చూపిస్తే సరిపోదు. కత్తెర ఏది?” అన్నాడు ఆసుపత్రి ప్లీడరు.

“ఏదేమిటండీ! లోపల ఉంది,” అన్నాడు టైలరు, తన ప్లీడరు చెయ్యి పట్టి లాగుతున్నా కూర్చోకుండా.

“ఎవరి లోపల?”

“మా ఆవిడ కడుపులో!”

కోర్టు హాల్లో నాలుగైదు నవ్వులు వినిపించాయి. ఆవిడ వెనక బెంచీ చివర కూర్చుని ఉంది. నిటారుగా కూర్చుంటే ఒకచోట, వంగితే ఇంకోచోట పొడుస్తుంది కాబట్టి ఓ పక్కకి ఒరిగింది. నవ్వులు తన గురించేనని తెలిసి తల దించుకుంది.

ఆపరేషన్ చేసిన గది ఈ ఊళ్ళో ఉన్నా ఆసుపత్రి పెద్ద ఆఫీసు వేరే ఊళ్ళో ఉంది కనుక, కేసు ఈ కోర్టు పరిధిలోకి రాదని మొదటి ఏడాదంతా వాదించిన పెద్దమనిషి ఈ ప్లీడరే. ఫైలు అక్కడిదాకా వెళ్ళి, అక్కడివాళ్ళు మాకెందుకంటే, మళ్ళీ ఇక్కడికే చేరింది. ఇప్పుడేమో కత్తెర చూపించమంటున్నాడు. సిగ్గు అనేదాన్ని ఈయనకి ఎవరో చిన్నప్పుడే ఆపరేషన్ చేసి తీసేసినట్టున్నారు.

“అయ్యా, మా కత్తెరలన్నిటి మీదా ముద్ర, నంబరు ఉంటాయి. అవి చూడకుండా మాదని ఎలా ఒప్పుకుంటాం? పైగా ఈయన టైలరు. ఇంటినిండా కత్తెరలే!”

ఈసారి నవ్వులు పెద్దగానే వచ్చాయి. టైలరుకి ఒళ్ళు మండిపోయింది. చొక్కాలో ఒక్క గుండుసూది మర్చిపోతే బట్టలిచ్చిన మనిషి దుకాణానికొచ్చి నానా మాటలూ అంటాడు. అలాంటిది మనిషిలో కత్తెర మర్చిపోయినవాళ్ళ తరఫున ఇన్ని జోకులా!

“మా కత్తెర మూరెడు ఉంటుందయ్యా! దాన్ని ఎవరు మింగుతారు? సరే, లోపలిది తీయించేస్తాను. మా వీధి డాక్టరుగారు రేపే తీస్తానన్నారు.”

“తీయించుకోండి, శుభం. ఆ డాక్టరే పెట్టి తీశాడని మేం అంటాం.”

జడ్జిగారు కళ్ళజోడు తీసి తుడుచుకున్నారు. ఆయన చెడ్డవారు కారు. రూలు తప్ప మరేమీ కంటికి ఆనని మనిషి, అంతే.

“సాక్ష్యం చెదరకూడదు. ఇద్దరికీ సమ్మతమైన డాక్టరు పేరు చెప్పండి. అందరి ఎదుటా ఆయన తీస్తాడు. అందాకా కత్తెర ఉన్నచోటే ఉండాలి. వాయిదా!”

భార్యని భుజం మీద ఆనించుకుని టైలరు ఒక్కొక్క మెట్టే దింపాడు. మెట్టుమెట్టుకీ ఆమె పళ్ళు బిగబట్టింది.

“ఏమన్నారండీ?”

“ఇంకొన్నాళ్ళు ఓర్చుకోమన్నారు.”

“నన్నా, కత్తెరనా?” అని నవ్వబోయి పొట్ట పట్టుకుంది. “పోనీ, ఈసారి నన్ను ఇక్కడే వదిలేసి వెళ్ళండి. ఫైలుతో పాటు బీరువాలో పెట్టి తాళం వేసుకుంటారు. ఈ మెట్ల బాధ తప్పుతుంది.”

“కేసూ వద్దు, పాడూ వద్దు. రేపే తీయించేద్దాం పద.”

“బాగుంది! ఇన్నాళ్ళు మోసి ఇప్పుడు వదిలేస్తానా? టైలరు పెళ్ళాం కత్తెర మింగిందని ఊరంతా చెప్పుకోవాలా? మాదేనని వాళ్ళ నోటితో వాళ్ళు ఒప్పుకోవాలి. అప్పుడు తీయించండి.”

ఆమె పట్టు పడితే బ్రహ్మ దిగివచ్చినా మార్చలేడు. టైలరు నోరు మూసుకున్నాడు. ఆ రోజు ఎందుకు మూసుకున్నానా అని తర్వాత తలబాదుకోని రోజు లేదు.

వీళ్ళు చెప్పిన డాక్టరు ఆసుపత్రివాళ్ళకి నచ్చలేదు. వాళ్ళు చెప్పినాయన, ఆపరేషన్ చేసిన డాక్టరుకి సాక్షాత్తూ బావమరిది. ఏడో వాయిదాకి ఇద్దరూ సరేనన్న డాక్టరు దొరికాడు, తేదీ కూడా వేశారు. దానికి నాలుగు రోజుల ముందు, కుట్టుమిషను పక్కన గుండీలు కుడుతూ కుడుతూ ఆమె గోడకి ఒరిగింది. మళ్ళీ లేవలేదు.

పోస్టుమార్టం అందరి ఎదుటా జరిగింది. కత్తెర బయటికి వచ్చింది. దాని మీద ముద్ర ఉంది, నంబరూ ఉంది.

ఆఖరి వాయిదాకి ఆసుపత్రి ప్లీడరు లేచి గొంతు సవరించుకున్నాడు. “మాదేనండీ. అందులో వివాదం లేదు.”

టైలరు కళ్ళు మూసుకున్నాడు. మూడేళ్ళు ఆమె మోసింది ఈ ఒక్క మాట కోసం. వినడానికి మనిషి లేకపోయిందే అని ఏడుపు ముంచుకొచ్చింది.

ప్లీడరు ఇంకా కూర్చోలేదు. “అయితే అయ్యా, ఆమె తన నొప్పికి పరిహారం కోరింది. ఇప్పుడు ఆమే లేదు, నొప్పీ లేదు. కేసు ఆమెతోనే పోయింది.”

“మరి ఆమె చావు సంగతో?” అని అరిచాడు టైలరు.

“చావు కేసులు ఈ కోర్టు పరిధిలోకి రావు,” అన్నారు జడ్జిగారు, కాస్త బాధగానే. “పై కోర్టులో కొత్తగా వేసుకో.”

కత్తెర చేతికిస్తే ఆ పై కోర్టుకే పట్టుకెళ్దామని టైలరు క్లర్కు గదికి పరుగెత్తాడు. ఆసుపత్రి మనిషి అప్పటికే సీలు వేసిన డబ్బా చంకన పెట్టుకుని నిలబడ్డాడు.

“అది నా సాక్ష్యమండీ! వాళ్ళకెలా ఇస్తారు?”

“కేసు మూసేశాక ఎవరి వస్తువు వాళ్ళకి ఇచ్చేయాలి. వాళ్ళదేనని తేలిపోయిందిగా, నువ్వూ విన్నావు.” క్లర్కు రిజిస్టరు ఇటు తిప్పి, దాని మీద పెన్ను పెట్టాడు. “ఇన్నాళ్ళూ అది మీ ఆవిడ దగ్గర ఉంది కాబట్టి, తిరిగి అప్పగించినట్టు ఇక్కడ నువ్వు సంతకం పెట్టాలి.”