మండూకయ్య గొంతు మహిమ

ఏ చప్పుడికి పుట్టగొడుగులు లేస్తాయో తేల్చడానికి ఒక అడవిలో పండిత పరిషత్తు ఉండేది. మూడు వానాకాలాలుగా అది చెదల పెద్దమ్మ పుట్టమీదే కొలువు తీరుతోంది. వినీ వినీ పెద్దమ్మ తల బొప్పి కట్టింది.

"ఉరుముకే లేస్తాయి" అంది కీచురాయి.

"కాదు, నా బెకబెకలకే!" అన్నాడు అధ్యక్షుడు, మండూకయ్య అనే కప్ప.

"వాదనలెందుకు? పుట్ట తవ్వి చూద్దాం" అంది వడ్రంగిపిట్ట. సభంతా సెబాసంది.

ఆ మాట చెవిన పడగానే పెద్దమ్మ పరుగున పైకొచ్చింది.

"అయ్యల్లారా, లోపల బూజుమడి వేసి ఈ పుట్టగొడుగుల్ని పెంచేది మేమే! తడి తగిలితే అవే లేస్తాయి. మా కొంప కూల్చకండి!"

"నువ్వు పరిషత్తు సభ్యురాలివా?" అని గద్దించాడు మండూకయ్య.

"కాదు."

"అయితే నోరు మూసుకో. ఊఁ, తవ్వండి!"

అంతలో మండూకయ్య కింద మట్టి పగిలింది. తెల్లటి పుట్టగొడుగొకటి అతన్ని బెత్తెడు పైకెత్తింది.

"చూశారా నా గొంతు మహిమ! రుజువైపోయింది, ఇక తవ్వక్కర్లేదు."

పెద్దమ్మకు ఒళ్ళు మండిపోయింది. నిజం నాలుక చివరిదాకా వచ్చింది. కానీ వడ్రంగిపిట్ట వెనక్కి తగ్గడం చూసి మింగేసింది.

"అవును స్వామీ, అంతా తమ గొంతు చలవే" అని దండం పెట్టి, పళ్ళు కొరుకుతూ లోపలికి పోయింది. రేపు అధ్యక్షులవారు కూర్చోబోయే చోట ఇంకో మడి వెయ్యాలిగా!