భయం లేని కేక

స్టామెనా ముసలమ్మ, నెవెంకా నోరు గట్టిగా మూసి, మొక్కజొన్న గాదెలోకి లాక్కుపోయింది. బయట జర్మన్ సైనికుల బూట్ల చప్పుడు.

"అరవకే తల్లీ."

నెవెంకా ఆ చెయ్యి తప్పించుకుని నవ్వింది. "యుద్ధమైపోయి ముప్పై ఏళ్ళయింది బామ్మా. వాళ్ళు మన కుర్రాళ్ళే, సినిమా కోసం వేషం కట్టారు. నేను నటిని. అరవడమే నా పని. పొద్దుట్నుంచీ అరుస్తుంటే, కేకలో భయం లేదని డైరెక్టర్ తిడుతున్నాడు."

"ఆ యుద్ధంలో మా చిన్నపిల్ల మిలేవా కూడా ఇక్కడే దాక్కుంది. జర్మన్లు గాదె దాటి వెళ్ళిపోయేవాళ్ళే. పిల్ల భయపడి అరిచింది."

నెవెంకా నవ్వు ఆగిపోయింది.

బూట్లు దగ్గరికొచ్చాయి. చెక్కల సందులోంచి ఇనప టోపీ కనబడింది. దాని కింద ఉన్నది పొద్దున తనకు కాఫీ తెచ్చిచ్చిన రాడే అనే కుర్రాడేనని ఆమెకు తెలుసు. అయినా చెక్కల దగ్గర్నుంచి వెనక్కి జరిగింది.

"నెవెంకా, ఎక్కడ చచ్చావు? కెమెరా సిద్ధం," డైరెక్టర్ పిలిచాడు.



పక్కన ముసలమ్మ గొంతులోంచి సన్నగా ఏడుపు మొదలైంది. నెవెంకా ఊపిరి బిగబట్టి, తన అరచేతిని ఆమె నోటికి అడ్డం పెట్టింది.